డబుల్ మార్కర్‌లో ‘180లో 1’ అని వచ్చింది, స్కాన్ మాత్రం బాగుందన్నారు. దేన్ని నమ్మాలి?

పటమటలంక:
అందరికీ నమస్కారం. నా వయసు 33, ఇది తొలి కాన్పు. పోయిన మంగళవారం సూర్యారావుపేటలో ఎన్‌టీ స్కాన్ చేయించుకుని, అదే రోజు డబుల్ మార్కర్ అనే రక్త పరీక్షకు రక్తం ఇచ్చి వచ్చాను. బిడ్డ బోర్లా తిరిగి ఉండటం వల్ల మొదటి అరగంట కొలత దొరకలేదు. దగ్గమన్నారు, పక్కకు తిరగమన్నారు, చివరికి కిందికి వెళ్లి చల్లగా ఏదైనా తాగి పది నిమిషాలు నడిచి రమ్మన్నారు. నిమ్మసోడా తాగి వచ్చాక బిడ్డ వెల్లకిలా తిరిగింది. మెడ వెనుక నీటి పొర మందం, అంటే ఎన్‌టీ, 1.6 మిల్లీమీటర్లు ఉందని, ముక్కు ఎముక కనిపిస్తోందని, గుండె సవ్యంగా కొట్టుకుంటోందని చెప్పడంతో మేము నిశ్చింతగా ఇంటికి వచ్చాం.

నిన్న సాయంత్రం ల్యాబు వారు ఫోనుకు పంపిన రిపోర్టులో ‘ట్రైసోమీ 21: 180లో 1’ అని ఉంది. దాని పక్కనే ఎర్రని అక్షరాలతో ‘హై రిస్క్’ అని వేశారు. ఆ ఎరుపు చూసిన దగ్గర నుంచి ఇంట్లో ఎవరికీ అన్నం సయించడం లేదు. మా అత్తయ్య గారు మా ఇంటా వంటా ఇలాంటిది లేదని నాలుగుసార్లు అన్నారు. ఆవిడ నన్ను అనలేదని తెలిసినా గుండెలో ములుకు గుచ్చుకున్నట్టయింది. మా డాక్టరమ్మ గారి అపాయింట్‌మెంట్ శనివారం దాకా లేదు. స్కాన్ బాగుందంటోంది, రక్తం బాగా లేదంటోంది. ఈ రెండింటిలో దేన్ని నమ్మాలో తెలిసినవారు దయచేసి చెప్పండి.

గర్భశిశువైద్యం:
అమ్మా, నేను ఇరవై ఏళ్లుగా విజయవాడలో ఈ స్కాన్లే చేస్తున్నాను. మీ రిపోర్టు చూడకుండా మీ బిడ్డ గురించి చెప్పడం సరికాదు కాబట్టి, ఆ అంకె అర్థం ఏమిటో మాత్రం చెబుతాను. 180లో 1 అంటే, సరిగ్గా మీలాంటి రిపోర్టు వచ్చిన 180 మంది తల్లులను ఒకచోట కూర్చోబెడితే వారిలో ఒకరి బిడ్డకు ట్రైసోమీ 21, అంటే 21వ క్రోమోజోమ్ ఒకటి అదనంగా ఉండే డౌన్ సిండ్రోమ్, ఉండవచ్చు, 179 మంది బిడ్డలకు ఉండదు. చాలా ల్యాబులు 250లో 1 దగ్గర గీత గీసి, దానికి ఇవతల ఉన్న ప్రతి అంకెకూ ఎర్రరంగు వేస్తాయి. ఆ గీత మనం పెట్టుకున్నది. 240కి ఎరుపు, 260కి ఆకుపచ్చ వేసినంత మాత్రాన ఆ ఇద్దరు బిడ్డల మధ్య పెద్ద తేడా ఉన్నట్టు కాదు.

ఇది వడపోత పరీక్ష. బిడ్డకు జబ్బు ఉందని గానీ లేదని గానీ తేల్చదు, ఇంకా లోతుగా ఎవరికి చూడాలో ఏరి పెడుతుంది. పూర్వం ఈ ఏరడానికి తల్లి వయసు ఒక్కటే ఆధారం. డౌన్ సిండ్రోమ్‌తో బిడ్డ పుట్టే అవకాశం ఇరవై ఏళ్ల తల్లికి సుమారు 1500లో 1, ముప్పైకి 900లో 1, ముప్పై అయిదుకు 350లో 1, నలభైకి 100లో 1. అయితే మనవైపు ఎక్కువ కాన్పులు ముప్పైలోపే జరుగుతాయి కాబట్టి, వయసునే నమ్ముకుంటే చాలామంది బిడ్డలు లెక్కలోకే రారు. 1992లో లండన్‌లోని కింగ్స్ కాలేజ్ హాస్పిటల్‌లో కిప్రోస్ నికొలాయిడిస్ బృందం మెడ వెనుక నీటి పొరకూ క్రోమోజోమ్ దోషాలకూ ఉన్న సంబంధాన్ని ప్రచురించిన తరువాత ఈ పద్ధతి మారింది. ఈ రోజున తల్లి వయసు, ఎన్‌టీ, రక్తంలోని రెండు పదార్థాలు కలిపి సరిగా లెక్కకడితే, డౌన్ సిండ్రోమ్ ఉన్న బిడ్డల్లో నూటికి సుమారు 90 మందిని పసిగట్టగలం. అందుకు ప్రతిగా, ఏ దోషమూ లేని బిడ్డలను మోస్తున్న తల్లుల్లో నూటికి అయిదుగురికి మీకు వచ్చినట్టే ఎర్ర అక్షరాలు వస్తాయి.

స్కాన్‌నూ రక్త పరీక్షనూ వేరువేరు సాక్ష్యాలుగా చూసి ఒకదాన్ని నమ్మడం, మరొకదాన్ని తోసెయ్యడం పొరపాటు. రెండూ కలిసి ఒకే లెక్క కావాలి. మీ రిపోర్టులో అవి కలిశాయా అన్నది నాకున్న మొదటి సందేహం.

ల్యాబ్‌బల్ల:
డాక్టరు గారి సందేహమే నాదీ. నేను గవర్నరుపేటలోని ఒక ల్యాబులో పనిచేస్తున్నాను, ఈ రిపోర్టులు రోజూ నా చేతి మీదుగానే వెళతాయి. అమ్మా, దయచేసి రిపోర్టు మొదటి పేజీ పైభాగంలో నాలుగు సంగతులు చూసి చెప్పండి. బిడ్డ పొడవు, అంటే సీఆర్‌ఎల్, ఎంత అని రాశారు? వారాలు దేన్ని బట్టి వేశారు, నెలసరి తేదీ బట్టా, స్కాన్ బట్టా? ఎన్‌టీ గడిలో 1.6 ఉందా? మీ బరువు ఎంత అని రాశారు?

పటమటలంక:
చూశాను. బరువు సరిగానే ఉంది. వారాలు 13 వారాల 1 రోజు అని, పక్కన ‘ఎల్‌ఎంపీ ప్రకారం’, అంటే చివరి నెలసరి తేదీ బట్టి, అని ఉంది. సీఆర్‌ఎల్ గడిలోనూ ఎన్‌టీ గడిలోనూ చిన్న అడ్డగీత మాత్రమే ఉంది. స్కాన్ కాగితంలో సీఆర్‌ఎల్ 56 మిల్లీమీటర్లు, 12 వారాల 1 రోజు అని ఉంది. నాకు నెలసరి ఎప్పుడూ ముప్పై అయిదు, ముప్పై ఆరు రోజులకు గానీ రాదు. రక్తం తీసుకున్న అబ్బాయి నెలసరి తేదీ అడిగితే చెప్పాను. స్కాన్ కాగితం అడగలేదు, నేనూ ఇవ్వలేదు.

ల్యాబ్‌బల్ల:
చిక్కంతా అక్కడే ఉంది. ఈ పరీక్షలో చూసే రెండు పదార్థాల్లో పాప్-ఎ అనేది ఈ వారాల్లో రోజురోజుకూ పెరుగుతుంది, ఫ్రీ బీటా హెచ్‌సీజీ రోజురోజుకూ తగ్గుతుంది. అందుకే వచ్చిన విలువను ఆ రోజుకు ఉండవలసిన మధ్యస్థ విలువతో పోల్చి ఎన్ని రెట్లు ఉందో చూస్తారు. డౌన్ సిండ్రోమ్‌లో పాప్-ఎ సుమారు సగానికి పడిపోతుంది, బీటా హెచ్‌సీజీ సుమారు రెట్టింపు ఉంటుంది. మీ రక్తం 12 వారాల 1 రోజుది. దాన్ని 13 వారాల 1 రోజు కొలబద్దతో కొలిచారు. పెరగవలసిన పాప్-ఎ ఇంకా పెరగలేదు కాబట్టి తక్కువగా కనిపించింది. తగ్గవలసిన బీటా హెచ్‌సీజీ ఇంకా తగ్గలేదు కాబట్టి ఎక్కువగా కనిపించింది. తేదీలో వారం పొరపాటు జరిగితే, ఏ దోషమూ లేని రక్తం కూడా డౌన్ సిండ్రోమ్ రక్తంలాగే కనిపించగలదు.

దానికి తోడు ఎన్‌టీ లెక్కలోకి రానే లేదు. మీరు మళ్లీ రక్తం ఇవ్వనవసరం లేదు. స్కాన్ కాగితం పట్టుకువెళ్లి, సీఆర్‌ఎల్, ఎన్‌టీ రెండూ ఎక్కించి మళ్లీ లెక్కకట్టి సవరించిన రిపోర్టు ఇవ్వమని అడగండి. కవల పిల్లలా, ఐవీఎఫ్ గర్భమా, షుగరు ఉందా అన్నవి కూడా ఆ ఫారంలో నింపవలసిన వివరాలే. దాత అండంతో గర్భం దాలిస్తే తల్లి వయసుకు బదులు దాత వయసు వేయాలి. ఇవన్నీ ఫారంలో ఉంటాయి. సాయంత్రం రద్దీలో ఆ గడులు ఖాళీగా మిగిలిపోతుంటాయి, మా వృత్తిలో నన్ను ఎక్కువగా బాధపెట్టేది అదే. ఒక గడి నింపకపోతే ఒక కుటుంబం నాలుగు రాత్రులు నిద్రపోదు.

మంగళగిరి మగ్గం:
మధ్యలో వస్తున్నందుకు క్షమించాలి. మాది మేనరికం, మా మేనమామ కూతురినే చేసుకున్నాను. ఇప్పుడు ఆమెకు పదో వారం. మేనరికం కనుక బిడ్డకు డౌన్ సిండ్రోమ్ వస్తుందని ఇంట్లో భయపెడుతున్నారు. మేము నేరుగా ఉమ్మనీరు తీసి చేసే పరీక్ష చేయించుకోవాలా డాక్టరు గారూ?

గర్భశిశువైద్యం:
నాయనా, ఈ అపోహ మన కృష్ణా, గుంటూరు జిల్లాల్లో బాగా పాతుకుపోయింది. డౌన్ సిండ్రోమ్‌లో నూటికి 95 వంతులు, అండం లేదా వీర్యకణం తయారయ్యేటప్పుడు 21వ క్రోమోజోమ్ జత సరిగా విడిపోకపోవడం వల్ల వస్తాయి. అది ఎవరి ఇంట్లోనైనా జరగవచ్చు, దానికి వావితో పని లేదు. మేనరికంలో పెరిగే ముప్పు మరొకటి ఉంది. ఒకే తాత నుంచి ఇద్దరికీ ఒకే లోపమున్న జన్యువు వచ్చి ఉంటే, బిడ్డకు ఆ రెండూ చేరి తలసీమియా, కొన్ని రకాల చెవుడు, కొన్ని జీవక్రియ లోపాల వంటివి రావచ్చు. ఎన్‌టీ స్కాన్‌లో గానీ డబుల్ మార్కర్‌లో గానీ ఇవి తెలియవు. మీ ఇంట్లో అటువైపు ఇటువైపు చిన్నతనంలోనే పోయిన పిల్లలు, మాట రాని పిల్లలు, పదే పదే రక్తం ఎక్కించవలసి వచ్చిన పిల్లలు ఉన్నారా అని పెద్దవారిని అడిగి, ఆ సమాచారంతో జన్యు సలహాదారును కలవండి. ఎన్‌టీ స్కాన్ అందరిలాగే మీకూ అవసరమే, కానీ మేనరికమన్న ఒక్క కారణంతో ఉమ్మనీరు తీయనవసరం లేదు.

తెనాలి టీచరమ్మ:
నేను ముప్పై అయిదేళ్లు బడిలో పనిచేసి విశ్రాంతి తీసుకుంటున్నాను. మా కాలంలో ఈ పరీక్షలు లేవు, పుట్టిన బిడ్డను పుట్టినట్టే పెంచుకున్నాం. ఎవరినీ నొప్పించే ఉద్దేశం నాకు లేదు, తెలుసుకోవాలనే అడుగుతున్నాను. ఏది ఏమైనా బిడ్డను కంటామనుకునే తల్లికి ఈ పరీక్ష ఎందుకు? వద్దనుకునేవారికే ఇది పనికొస్తుందా? ముందే తెలిస్తే ఆరు నెలలు కుమిలిపోవడం తప్ప ప్రయోజనం ఏమిటి?

బ్రాడీపేట అమ్మ:
టీచరు గారూ, ఈ ప్రశ్నకు జవాబు నా దగ్గర ఉందనుకుంటున్నాను. నా కూతురికి పదకొండేళ్లు. తనకు డౌన్ సిండ్రోమ్ ఉంది. తను కడుపులో ఉన్నప్పుడు నా వయసు 26. చిన్న వయసు కాబట్టి ఏ పరీక్షా అక్కర్లేదని అప్పట్లో నేను చూపించుకున్న చోట అన్నారు, మేమూ సరేనన్నాం. పుట్టిన రెండో రోజున, వార్డు వరండాలో, నలుగురు నిలబడి వింటుండగా ‘మీ పాప మామూలు పిల్ల కాదు’ అని ఒక్క మాట చెప్పి వెళ్లిపోయారు. ఆ పిల్లకు గుండెలో గదుల మధ్య పెద్ద రంధ్రం ఉందన్న సంగతి మూడో నెలలో, పాలు తాగలేక ఆయాసపడి పెదవులు నీలిరంగుకు తిరిగినప్పుడు గానీ మాకు తెలియలేదు. డౌన్ సిండ్రోమ్ ఉన్న పిల్లల్లో దాదాపు సగం మందికి గుండె లోపం ఉంటుందట. హైదరాబాదులో ఆపరేషన్ అయ్యేసరికి పాప బరువు నాలుగున్నర కిలోలు.

నాకు ముందే తెలిసి ఉంటే నేను తనను వదులుకునేదాన్ని కాదు. అది నా నిర్ణయం, మరొకరికి చెప్పే మాట కాదు. కానీ ముందే తెలిసి ఉంటే అయిదో నెలలోనే గుండె స్కాన్ చేయించేదాన్ని, పిల్లల గుండె డాక్టరు అందుబాటులో ఉన్న ఆసుపత్రిలో కాన్పు పెట్టుకునేదాన్ని, ఆ మూడు నెలలు పాలు తాగని బిడ్డను పట్టుకుని నన్ను నేను తిట్టుకోకుండా ఉండేదాన్ని. ఏడవవలసిన ఏడుపేదో ముందే ఏడ్చి, బిడ్డ చేతికి వచ్చేసరికి సంతోషంగా ఎత్తుకునేదాన్ని. ఆ మొదటి రోజులు నాకు మళ్లీ రావు.

పటమటలంక చెల్లెమ్మా, భయపెట్టాలని ఇదంతా రాయడం లేదు. ఆ రిపోర్టులోని ‘ట్రైసోమీ’ అనే మాట వెనుక ఎవరుంటారో కూడా తెలియాలని రాస్తున్నాను. మా అమ్మాయికి లెక్కలు రావు, మాట కాస్త ముద్దగా ఉంటుంది, థైరాయిడ్ మాత్ర రోజూ వేయాలి. సాయంత్రం మల్లెమొగ్గలు తెస్తే వాళ్ల నాయనమ్మ పక్కన చేరి ఒక్కో మొగ్గనూ కాడ పట్టి అందిస్తుంది, విచ్చిన పువ్వు వస్తే పక్కన పెట్టేస్తుంది, దండలో మొగ్గలే ఉండాలని దాని పట్టుదల. మాకు కష్టం లేదని చెప్పను. నేను లేని రోజున దీన్ని ఎవరు చూస్తారన్న ఆలోచన రాని రాత్రి లేదు. రెండూ నిజమే.

తెనాలి టీచరమ్మ:
తల్లీ, నా ప్రశ్నకు ఇంతకంటే సూటి జవాబు ఉండదు. మీ పాపను ఆశీర్వదిస్తున్నాను.

పటమటలంక:
అక్కా, మీరు రాసింది మా వారికీ అత్తయ్య గారికీ చదివి వినిపించాను. అత్తయ్య గారు చాలాసేపు ఏమీ మాట్లాడలేదు. తరువాత నా పక్కన వచ్చి కూర్చున్నారు.

ఈ రోజు ల్యాబుకు వెళ్లి సవరించిన రిపోర్టు తెచ్చుకున్నాం. సీఆర్‌ఎల్ 56, ఎన్‌టీ 1.6 ఎక్కించాక అంకె 720లో 1 అయింది. ఎర్రరంగు పోయింది. అయినా అప్పుడు 180ని నమ్మి ఏడ్చిన మనసు ఇప్పుడు 720ని నమ్మనంటోంది. ఇంకే పరీక్ష చేయించుకోవాలి డాక్టరు గారూ? ఉమ్మనీరు తీస్తే గర్భం పోతుందని అందరూ అంటున్నారు.

గర్భశిశువైద్యం:
ఈ అంకెకు ఉమ్మనీరు తీయమని నేను సలహా ఇవ్వను. ఇంత మధ్యస్థంగా వచ్చినప్పుడు ఎన్‌ఐపీటీ అనే రక్త పరీక్ష బాగా ఉపయోగపడుతుంది. గర్భిణి రక్తంలో బిడ్డ తాలూకు డీఎన్‌ఏ తేలియాడుతుంటుందని 1997లో హాంకాంగ్‌కు చెందిన డెన్నిస్ లో బృందం చూపింది. 2011 నుంచి అది పరీక్షగా అందుబాటులోకి వచ్చింది. పది వారాలు నిండాక ఎప్పుడైనా చేయవచ్చు, డౌన్ సిండ్రోమ్‌ను నూటికి 99 పాళ్లు పట్టుకుంటుంది. ఖరీదు మాత్రం పదివేల పైమాటే, అందరికీ భరించగలిగేది కాదు. అది కూడా వడపోతే అన్నది మరవవద్దు. ఆ డీఎన్‌ఏ నిజానికి మాయ నుంచి వస్తుంది, అరుదుగా మాయలో ఉన్న దోషం బిడ్డలో ఉండదు. అందువల్ల ఎన్‌ఐపీటీలో దోషం ఉందని వచ్చినా, నిర్ధారణ పరీక్ష చేయకుండా ఎవరూ గర్భం విషయంలో నిర్ణయం తీసుకోకూడదు.

నిర్ధారణకు రెండు దారులున్నాయి. 11 వారాల తరువాత మాయ నుంచి చిన్న ముక్క తీసి చూసే సీవీఎస్, 15 వారాలు నిండాక చేసే ఉమ్మనీటి పరీక్ష. వీటి వల్ల నూటికి ఒక గర్భం పోతుందని పూర్వం చెప్పేవారు. అనుభవం ఉన్న చేతుల్లో, స్కాన్‌లో సూదిని చూస్తూ చేస్తే, పరీక్ష వల్ల అదనంగా కలిగే ముప్పు అంతకంటే చాలా తక్కువని, వెయ్యికి ఒకటి రెండు ఉంటుందని తరువాతి అధ్యయనాల్లో తేలింది. ఎన్‌టీ 3.5 మిల్లీమీటర్లు దాటినవారికి మాత్రం నేను ఎన్‌ఐపీటీతో కాలం గడపమని చెప్పను, నేరుగా నిర్ధారణకు వెళ్లమంటాను. ఎందుకంటే అక్కడ 21, 18, 13 క్రోమోజోమ్‌ల దోషాలే కాక, గుండె లోపాలూ మరికొన్ని జన్యు సమస్యలూ ఉండే అవకాశం ఉంటుంది. క్రోమోజోమ్‌లు సరిగా ఉన్నా అటువంటి బిడ్డకు గుండె స్కాన్ తప్పనిసరి.

మరొక మాట. ఎన్‌ఐపీటీ బాగా వచ్చిందని, బిడ్డ అవయవాలను వివరంగా చూసే టిఫా స్కాన్ మానెయ్యకండి. వెన్నెముక, మూత్రపిండాలు, గుండె గదులు రక్త పరీక్షలో కనిపించవు. 18 నుంచి 22 వారాల మధ్య దాన్ని చేయించుకోవాలి. వ్యవధి విషయం అందరికీ తెలియడం మంచిది కాబట్టి చెబుతున్నాను. 2021లో సవరించిన గర్భస్రావ చట్టం ప్రకారం 20 వారాల వరకు ఒక డాక్టరు అభిప్రాయం చాలు, 20 నుంచి 24 వారాల వరకు చట్టం పేర్కొన్న కొన్ని వర్గాల స్త్రీలకు ఇద్దరు డాక్టర్ల అభిప్రాయం కావాలి, బిడ్డలో తీవ్ర లోపం ఉంటే 24 వారాలు దాటినా మెడికల్ బోర్డు అనుమతితో వీలుంది. యుక్తవయసు వచ్చిన స్త్రీ విషయంలో ఆమె ఒక్కతె సమ్మతి చాలు. భర్త గానీ, అత్త గానీ సంతకం పెట్టనవసరం లేదు. కొనసాగించాలన్న నిర్ణయం కూడా అంతే స్వేచ్ఛగా ఆమె చేతిలో ఉండాలి.

మంగళగిరి మగ్గం:
ఎన్‌ఐపీటీలో ఆడా మగా తెలుస్తుందని విన్నాను. రిపోర్టులో చెబుతారా?

గర్భశిశువైద్యం:
చెప్పరు, చెప్పకూడదు. 1994 నాటి లింగ నిర్ధారణ నిషేధ చట్టం స్కాన్‌కూ రక్త పరీక్షకూ ఒకే విధంగా వర్తిస్తుంది. అడిగినవారికీ చెప్పినవారికీ జైలు శిక్ష ఉంది. స్కాన్‌కు ముందు మీతో సంతకం పెట్టించే ఫారం-ఎఫ్ ఆ చట్టం ప్రకారమే. ఈ ప్రశ్న మరి ఎవరినీ అడగకండి.

పటమటలంక:
పన్నెండు రోజుల తరువాత రాస్తున్నాను. ఎన్‌ఐపీటీ రిపోర్టు వచ్చింది. 21, 18, 13 మూడింటికీ ముప్పు తక్కువని ఉంది. శనివారం డాక్టరమ్మ గారు ఆ కాగితాలన్నీ చూసి, పాప్-ఎ సవరించాక కూడా కొంచెం తక్కువ వైపే ఉంది కాబట్టి, బిడ్డ ఎదుగుదలనూ నా బీపీనీ కాస్త దగ్గరగా కనిపెట్టి ఉంటామన్నారు. గర్భసంచి రక్తనాళాల్లో రక్తం పారే తీరును చూపే డాప్లర్ స్కాన్ చూసి, 16 వారాలు రాకముందే రాత్రిపూట వేసుకోమని ఆస్పిరిన్ రాశారు. ఒక్క స్కాన్‌లో ఇన్ని సంగతులు ఉంటాయని నాకు తెలియదు. టిఫా స్కాన్‌కు 20వ వారంలో తేదీ తీసుకున్నాం. బ్రాడీపేట అక్కా, గుంటూరు వచ్చినప్పుడు మీ అమ్మాయిని చూడాలని ఉంది, మీకు అభ్యంతరం లేకపోతే.

బ్రాడీపేట అమ్మ:
తప్పకుండా రా. మల్లెల కాలం ఇంకా నెల ఉంది.

గుడివాడ కోడలు:
ఇదంతా ఒకే బిగిన చదివాను. నాకు సోమవారం స్కాన్, ఆ రోజుకు 12 వారాల 3 రోజులు. పరగడుపున వెళ్లాలా? నీళ్లు తాగి బిగపట్టుకోవాలా?

గర్భశిశువైద్యం:
తిని వెళ్లండి. ఈ నెలలో సాధారణంగా మూత్రం బిగపట్టవలసిన పని లేదు, కావాలంటే అక్కడే చెబుతారు. గుర్తింపు కార్డు, మొదటి స్కాన్ కాగితం, చివరి నెలసరి తేదీ వెంట ఉంచుకోండి. బిడ్డ తిరగకపోతే ఆలస్యమవుతుంది, మళ్లీ మరుసటి రోజు రమ్మన్నా విసుక్కోకండి. తల వంచినా, మెడ సాచినా కొలత మారుతుంది, సరైన భంగిమ దొరికేదాకా ఆగడమే మంచి స్కాన్‌కు గుర్తు. సీఆర్‌ఎల్ 45 నుంచి 84 మిల్లీమీటర్ల మధ్య ఉన్నప్పుడే ఎన్‌టీ లెక్కకు వస్తుంది, మీకు ఇంకా వారం పైనే సమయం ఉంది.

పటమటలంక:
రక్తం ఇచ్చేటప్పుడు స్కాన్ కాగితం జిరాక్సు ఒకటి వాళ్ల చేతికివ్వండి చెల్లీ. సీఆర్‌ఎల్ గడిలో అంకె వేసేదాకా అక్కడే నిలబడి చూడండి.